చదివిన మనిషి వాటా

సిద్దిపేటలో ఆ లైబ్రరీ తలుపు ఎనిమిదింటికి తెరుస్తారు. ఏడింటికే మెట్ల మీద సంచులు వరుసకట్టి ఉంటాయి. ఉద్యోగ పరీక్షలకు చదివే పిల్లలవి. కుర్చీలో వేసుకునే మెత్తతో సహా ఇంటి నుంచే తెచ్చుకుంటారు. రోజంతా కదలరు. స్వరాజ్యం చీపురుతో దగ్గరికి వస్తే కాళ్ళు పైకెత్తుతారు, తల మాత్రం ఎత్తరు. పదకొండేళ్ళ నుంచి ఆమె వాళ్ళ కాళ్ళ కింద ఊడుస్తోంది. కొందరికి ఉద్యోగాలు వచ్చాయి, కొందరికి పెళ్ళిళ్ళయ్యాయి, కొందరు అవే మెత్తల మీద ఇంకా కూర్చునే ఉన్నారు. స్వరాజ్యం అంటే ఎవరని అడిగితే వాళ్ళలో పదిమందికి కూడా తెలియదు. 'ఊడ్చే అమ్మ' అంటే తెలుస్తుంది.

ఏ బీరువాలో ఏ పుస్తకం ఉందో ఆమెకు లైబ్రేరియన్ కంటే బాగా తెలుసు. గుడ్డతో రోజూ తుడిచేది ఆమే కదా. వాటిలో ఒక్కటైనా కూర్చుని చదివావా అంటే లేదు. పొద్దున ఊడవడం, మధ్యాహ్నం నీళ్ళు మోయడం, మళ్ళీ ఊడవడం, ఫినాయిల్ వేయడం. శుక్రవారం లైబ్రరీకి సెలవు, ఆ రోజు ఇంట్లో బట్టలుంటాయి. అరవై ఒకటో ఏట మోకాళ్ళు రెండూ ఆమె మాట వినడం మానేశాయి. మూలిగే నక్క మీద తాటిపండు అన్నట్టు, నిరుడు చెయ్యి కూడా పట్టేసింది. అలసట ఆమెకు ఒంటి మీది చీరలాంటిదైపోయింది, విప్పి పక్కన పెట్టే జాగా లేదు.

అయినా ఆమె ఒకప్పుడు చదివిన మనిషే. మామూలుగా కాదు, పదిమందికి వినిపించేలా చదివిన మనిషి.

పుట్టింది ధూళిమిట్ట. ఏడో తరగతి దాకా చదివింది. పద్నాలుగో ఏట బాలయ్యకు ఇచ్చి చేస్తే సిద్దిపేట వచ్చింది. బాలయ్య మగ్గం నేసేవాడు. మగ్గం కూడు పెట్టకపోయేసరికి భివండి పోయాడు, అక్కడి కరెంటు మగ్గాల దుమ్ము గుండెల్లో నింపుకుని తిరిగొచ్చాడు, ఏడాది తిరగకుండానే పోయాడు. ఒక్క కొడుకు చిరంజీవిని ఆమె బీడీలు చేసి పెంచింది. ఇప్పుడు వాడు గజ్వేల్‌లో కూరగాయల వ్యాను నడుపుతాడు. నెలకోసారి వస్తాడు, కొత్తిమీర తెస్తాడు, అమ్మా పని బంద్ చేయవే అంటాడు, పోతాడు.

బీడీలు చేసింది కొండవ్వ వాళ్ళ అరుగు మీద. పది పన్నెండు మంది ఆడవాళ్ళు, ఒళ్ళో చాట, చాటలో తునికాకు, తంబాకు, చేతిలో దారం. పొద్దంతా చేతులు ఆడుతూనే ఉంటాయి గాని మనసుకు పని ఉండదు. ఆ పాడు పనిలో మనిషికి పిచ్చెక్కకుండా ఉండాలంటే ఎవరో ఒకరు కథ చెప్పాలి. అందరిలో గుక్క తిప్పుకోకుండా చదవగలిగింది స్వరాజ్యమొక్కతే. చౌరస్తా దుకాణంలో వారపత్రిక కిరాయికి తెచ్చి, మధ్యాహ్నం ఒక గంట పెద్దగా చదివేది. చదివే మనిషి చేతులు ఖాళీగా ఉంటాయి, ఆమె పని ఆగిపోతుంది. మరి ఆ పని ఎవరు చేయాలి? విన్నవాళ్ళే చేయాలి. అందుకని చదవడం మొదలు పెట్టే ముందే తలా ఒక కట్ట బీడీలు ఆమె ముందు పెట్టేవారు. దాన్ని చదివిన మనిషి వాటా అనేవారు. ఎవరు పెట్టారో తెలియదు ఆ ఆచారం. కొండవ్వ అయితే ఒక మాట కచ్చితంగా చెప్పేది:

"వాటా పెట్టకుంట విన్న కథ కడుపులకు దిగదు. కథ సగంల ఆగితే ఆ వాటా ముట్టద్దు."

తర్వాత ఇంటింటికీ టీవీ వచ్చింది. చదవమని అడిగేవాళ్ళు పోయారు. తంబాకు ఘాటుకు దగ్గు పట్టుకుని స్వరాజ్యం బీడీలు మానేసి లైబ్రరీ చీపురు పట్టింది. చదవడం అంతటితో అయిపోయిందనుకుంది. అందుకు ఏడవలేదు గాని, పుస్తకాలు తుడిచేటప్పుడు ఒక్కోసారి గుడ్డ ఆగేది.

నిరుడు పై ఆఫీసు నుంచి కాగితం వచ్చింది. పెద్దవాళ్ళనూ పిల్లలనూ ఒక చోట కూర్చోబెట్టి ఆదివారం ఆదివారం కార్యక్రమం చేయాలి, ఫోటోలు తీసి పంపాలి, మూడు నెలలు చూసి బాగుంటే సాగిస్తాం, లేదంటే లేదు. లైబ్రేరియన్ శైలజ మంచి మనిషే. కాకపోతే ముగ్గురి పని ఒక్కతే చేసేది, ఎప్పుడు చూసినా కుడితిలో పడ్డ ఎలుకలా ఉండేది. 'పెద్దల నోట, పిల్లల పూట' అని బ్యానర్ కొట్టించి, పిల్లల గదిలో కట్టింది. పెద్దల కోసం రిటైరైన సార్లను పిలిచింది. మొదటి ఆదివారం ఒక సారు క్రమశిక్షణ గురించి గంటంబావు మాట్లాడాడు. రెండో ఆదివారం పిల్లలు నలుగురే వచ్చారు, ఆ నలుగురూ సారు అద్దాలు తుడుచుకునే లోపల పారిపోయారు.

"స్వరాజ్యమ్మా, మీ దిక్కు ముసలోళ్ళెవరన్న వస్తరా? ఊరికె కూసుంటె చాలు, ఫోటో తీస్త" అంది శైలజ.

"ఊరికె ఎందుకు కూసుంటరు మేడం, ఆళ్ళకు పనుంటది" అంది స్వరాజ్యం. తర్వాత, ఎందుకన్నదో ఆమెకే తెలియదు, "నేను చదువుతనంటె వస్తరేమో" అంది.

వచ్చారు. డెబ్బై దాటిన కొండవ్వ కర్ర పట్టుకుని ముందు నడిస్తే, వెనక నర్సమ్మ, ఆ అరుగు మీది వాళ్ళే ఇంకో ఆరుగురు. లైబ్రరీ లోపలికి అడుగు పెట్టడం వాళ్ళలో ఎవరికైనా అదే మొదలు. చెప్పులు బయట విప్పి, గుళ్ళోకి వచ్చినట్టు గడప మొక్కి వచ్చారు. పరీక్షల పిల్లలు తల ఎత్తి చూడడం స్వరాజ్యం చూసింది, ఇన్నేళ్ళలో మొదటిసారి.

అట్ట ఊడిన ఒక పాత కథల పుస్తకం తీసుకుని ఆమె కూర్చుంది. ఏడుగురు అన్నలూ, తిరునాళ్ళలో వాళ్ళ చేయి జారి తప్పిపోయిన ఒక చెల్లెలూ ఉన్న కథ. గొంతు మొదట బొంగురుపోయింది. రెండో పేజీకి దారిలో పడింది. నాలుగో పేజీకి, పాతికేళ్ళ కిందటి ఆ గొంతు, ఎక్కడ దాక్కుందో గాని, మళ్ళీ వచ్చింది. పిల్లలు జరుగుతూ జరుగుతూ ముసలివాళ్ళ మోకాళ్ళ దగ్గరికి వచ్చేశారు. మధ్య మధ్యన కొండవ్వ "ఆగాగు, గా పెద్దన్న ఏమన్నడు, మల్ల చదువు" అని ఆపేది. పిల్లల్లో అందరికంటే ముందు కూర్చునే దీక్షిత, ఐదో తరగతి పిల్ల, "అమ్మమ్మా, ఇందాక చదివింది కద, నీకు చెవులు వినొస్తలేవా" అని గదమాయించేది. కొండవ్వకు అలా గదమాయించేవాళ్ళు ఇంట్లో ఎవరూ లేరు. ఆమె మురిసిపోయేది.

ఆ గంటలో స్వరాజ్యానికి మోకాళ్ళు ఉన్నట్టే తెలిసేది కాదు. తర్వాత మాత్రం తెలిసేది. చదివిన గంటలో ఊడవాల్సిన హాలు ఊడవకుండానే ఉండేది. అందరూ పోయాక ఒక్కతే వంగి ఊడ్చి, దీపాలు పెట్టే వేళకు ఇల్లు చేరి, అన్నం వండుకునే ఓపిక లేక అటుకులు నానేసుకుని తిని పడుకునేది. అయినా సోమవారం నుంచే ఆదివారం కోసం చూసేది. ఈ వయసులో ఇంకొకటి కావాలని ఆమె ఎవరినీ అడగలేదు. ఆ గంట ఉంటే చాలు.

పెళ్ళికి పోతూ పిల్లిని చంకన పెట్టుకుపోయినట్టు, ఆ ఆడవాళ్ళు లైబ్రరీకి వస్తూ కొంగున బీడీ కట్టలు కట్టుకొచ్చేవారు. వాటా మరి. "నేను బీడీలు బంద్ వెట్టిన గదనే, నాకెందుకు" అని స్వరాజ్యం మొదటి రోజే అంది. "బంద్ వెడితె వెట్టు. వాటా వాటానే" అని కొండవ్వ ఆమె సంచిలో పడేసింది. ఆ కట్టలు సోమవారం నర్సమ్మ చేతికే తిరిగి పోయి కార్ఖానాలో చేరేవి. ఇందులో తప్పుందని ఎవరికీ తోచలేదు. నలభై ఏళ్ళుగా అన్నం పెట్టిన వస్తువు బడిపిల్లల ముందు పెట్టకూడనిదని ఆ ఆడవాళ్ళకు ఎవరు చెప్పారు గనక!

ఐదో ఆదివారం సంచి తేవడం స్వరాజ్యం మరచింది. కట్టలు బల్ల మీదే పెట్టారు. ఒక కట్టకు దారం వదులైంది. దీక్షిత దాన్ని చేతిలోకి తీసుకుని "అమ్మమ్మా, ఇదెట్ల కడుతరు" అంది. కొండవ్వ చూపించింది. పిల్ల చటుక్కున నేర్చుకుని, ముడి వేసి, గెలిచినట్టు పైకెత్తి చూపించింది. సరిగ్గా అప్పుడే శైలజ ఫోటో తీసింది. బ్యానర్ వంకరగా ఉందా సరిగ్గా ఉందా అన్నదే చూసుకుంది పాపం. పిల్లల తల్లిదండ్రుల వాట్సాప్ గ్రూపులో తన చేత్తోనే పెట్టేసింది.

అప్పటికి కథలో చిన్నన్న చెల్లెను వెతుక్కుంటూ వరద నదిలో దిగాడు. స్వరాజ్యం అక్కడ పుస్తకం మూసింది.

రాత్రికల్లా ఆ ఫోటో ఊరంతా తిరిగింది. లైబ్రరీలో చిన్నపిల్లలతో బీడీలు చేయిస్తున్నారన్నారు. కొందరైతే తాగిస్తున్నారని కూడా అన్నారు. పై ఆఫీసు నుంచి శైలజకు సంజాయిషీ అడుగుతూ కాగితం వచ్చింది. బ్యానర్ విప్పారు. విప్పి, మడిచి, బీరువా మీద పెట్టింది స్వరాజ్యమే. శైలజ ఆమెను ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేదని స్వరాజ్యానికి అనిపించింది.

"నా తోనే అయింది మేడం. సంచి మర్చిపోయిన" అంది.

"సంచి తోని అయ్యేది కాదమ్మా" అంది శైలజ తల పట్టుకుని. "పోనీయి. ఊడ్చుకో పో."

ఊడ్చుకుంది. మూడు వారాలు ఊడ్చుకుంది. పరీక్షల పిల్లలు మళ్ళీ కాళ్ళు ఎత్తడం, తల దించుకోవడం. కొండవ్వ వాళ్ళు వీధిలో ఎదురైతే, ముసలి ముఖాలు ముడుచుకుని, "గా చిన్నోడు ఒడ్డెక్కిండా, మునిగిండా?" అని అడిగేవారు. నోటిమాటగా చెప్పేస్తే అయిపోయేది. కానీ చదివి వినిపిస్తేనే కథ, ఊరికే చెప్తే కాదని కొండవ్వే వద్దంది. సగంలో ఆగిన కథకు పెట్టిన ఆఖరి వాటా, ఎనిమిది కట్టలు, శైలజ బల్ల సొరుగులో ప్లాస్టిక్ కవరులో తాళంలో ఉన్నాయి. పై వాళ్ళు వచ్చి చూస్తారేమోనని ఆమె దాచింది. ఎవరూ రాలేదు.

నాలుగో వారం ఒక ఆడమనిషి నేరుగా స్వరాజ్యం దగ్గరికి వచ్చి నిలబడింది. మెడికల్ షాపులో పనిచేసే ప్రవీణ, దీక్షిత వాళ్ళ అమ్మ. గ్రూపులో మొదట గొడవ లేపింది ఈమే. స్వరాజ్యం చీపురు గోడకు ఆనించి, తిట్లు తినడానికి సిద్ధపడింది. తిరిగి అనే ఓపిక ఎలాగూ లేదు.

"నన్ను గుర్తు వట్టలేదా చిన్నమ్మా?" అంది ప్రవీణ. "నేను లచ్చవ్వ బిడ్డను. కొండవ్వ పెద్దమ్మ అరుగు మీద మా అమ్మ పక్కకు కూసుందును."

స్వరాజ్యానికి గుర్తొచ్చింది. కత్తెరతో ఆకు కత్తిరిస్తూ, కథ వింటూ కునికిపాట్లు పడే ఒక బక్క పిల్ల.

"ఎనిమిదేండ్లకు ఆకు కత్తిరిచ్చిన. పదేండ్లకు బీడీల మూతులు మలిచిన. గోర్లు చూడు, ఇప్పటికీ సక్కగ రాలే. బడికి పోతె పిల్లలు తంబాకు వాసనొస్తున్నదని ముక్కు మూసుకునేటోళ్ళు" అంది ప్రవీణ. గొంతులో కోపం కంటే అలసటే ఎక్కువ ఉంది. "నా బిడ్డ చేతిల ఆ కట్ట చూసేసరికి నాకు పానం పోయినట్టయింది చిన్నమ్మా. మీ మీద పగ గాదు."

"నువ్వు చేసింది తప్పు గాదు బిడ్డా" అంది స్వరాజ్యం. అది మాటవరసకు అన్నది కాదు. ఆ పిల్ల ముడి వేసిన క్షణంలో తామంతా నవ్వారు. నవ్వాల్సింది కాదని ఆమెకు ఇప్పుడు తెలిసింది, సిగ్గేసింది.

"బీడీ వద్దన్న. కథ వద్దన్ననా?" అంది ప్రవీణ. "దినాం పండుకునేటప్పుడు పిల్ల నా బుర్ర తింటుంది, చిన్నన్న ఏమైండని. నేనేమని చెప్పాలె? మేడంకు చెప్పిన, పై ఆఫీసుకు గూడ రాసిచ్చిన. ఒక్క బీడీ లేకుంట అయితె నడిపిచ్చుకోమన్నరు."

స్వరాజ్యానికి సంతోషం ఒక్క నిమిషమే నిలిచింది. ఆ సాయంత్రం ఈ మాట చెప్పడానికి కుంటుకుంటూ అరుగు దాకా పోతే, కొండవ్వ చాట కూడా పక్కన పెట్టలేదు.

"వాటా లేకుంట వినుడా? ఎందుకు, మేమేమన్న అడుక్కతినేటోళ్ళమా? నీ గొంతు ఎండవెట్టి, నీ పని చెడగొట్టి, ఉత్త చేతులు ఊపుకుంట వచ్చి వింటమా? మా ఇంటవంట లేదు."

"బీడీలు తెస్తె ఆళ్ళు రానియ్యరక్కా."

"అయితె మేము రాము."

రెండు వైపులా న్యాయమే. న్యాయం రెండు వైపులా ఉన్నప్పుడు నలిగేది మధ్యలో ఉన్న మనిషే. బతిమాలుదామనుకుంది స్వరాజ్యం. పొద్దున ఐదింటికి లేచిన ఒంటికి ఆ ఓపిక లేకపోయింది. "మీ ఇష్టమక్కా" అని తిరిగొచ్చేసింది. వీధి మలుపులో కాసేపు ఎవరిదో గోడ పట్టుకుని నిలబడింది. ఎవరైనా చూస్తే మోకాలు నొప్పి అనుకుంటారు. మోకాలు నొప్పి కూడా ఉంది.

ఆదివారం మూడింటికి శైలజ బ్యానర్ కట్టించింది. పిల్లలు పదిహేను మంది దాకా వచ్చారు. ప్రవీణ కూడా వచ్చి, చేతులు కట్టుకుని గడప దగ్గర నిలబడింది, తంబాకు వాసన వస్తే పిల్లను లాక్కుపోవడానికి. ముసలివాళ్ళ కుర్చీలు ఎనిమిదీ ఖాళీ. మూడుంబావు దాటింది. పెద్దలు లేకుండా చేస్తే కార్యక్రమం కింద లెక్క కాదు, శైలజ గడియారం వైపు చూస్తోంది. ఇక బ్యానర్ తీసేద్దామా అని స్వరాజ్యం అడగబోయేంతలో మెట్ల మీద కర్ర చప్పుడైంది.

కొండవ్వ గదిలోకి వచ్చి, ఎవరూ అడగకముందే రెండు అరచేతులూ చాచి ప్రవీణకు చూపించింది. కొంగు విప్పి దులిపి చూపించింది. వెనక ఏడుగురూ అలాగే దులిపారు. నర్సమ్మ కొంగు నుంచి ఒక వక్కపలుకు మాత్రం రాలింది.

"చదువు పిల్లా" అంది కొండవ్వ కూర్చుంటూ, స్వరాజ్యం వైపు చూడకుండా. "వాటా సంగతి నీకెందుకు. మాది మాకు తెల్సు."

స్వరాజ్యం చదివింది. చిన్నన్న మునగలేదు, ఒడ్డెక్కాడు. ఆవలి ఊరిలో చెల్లె దొరికింది, పెద్దదైంది. రా చెల్లీ ఇంటికి పోదాం అంటే రానన్నది. అక్కడితో కథ అయిపోయింది.

"రానంటదా? అంత దూరం పానం మీదికి తెచ్చుకోని అన్న వస్తె?" అని కొండవ్వ లేచినంత పని చేసింది.

"ఎందుకు రావాలె? చెయ్యి ఇడిసిపెట్టింది ఆళ్ళే గద!" అంది దీక్షిత.

"ఇడిసిపెట్టలే, జారింది."

"జారితె గట్టిగ పట్టుకోవాలె."

గది రెండుగా చీలిపోయింది, వయసును బట్టి కాదు. నర్సమ్మ పిల్లల వైపు చేరింది, ఇద్దరు మగపిల్లలు కొండవ్వ వైపు. అరుపులు హాలు దాకా వినిపించి, పరీక్షల పిల్లలు ఇద్దరు గుమ్మంలోకి వచ్చి, కసరడానికి వచ్చినవాళ్ళు కాస్తా, సంగతేమిటని అడిగి, నిలబడి వాదించారు. వింటున్న ఆడవాళ్ళ వేళ్ళు మాత్రం ఒళ్ళో ఊరికే ఉండలేక, లేని ఆకును మలుస్తూనే ఉన్నాయి. స్వరాజ్యం అది చూసింది. ఒక గంట పని ఆగితే వాళ్ళకు ఎంత నష్టమో ఆమెకు తెలుసు. ఉత్త చేతులతో ఏమీ రాలేదు వీళ్ళు అనుకుంది.

నాలుగున్నర అయింది. పుస్తకం మూసి, బల్ల పట్టుకుని, నొప్పికి పళ్ళు బిగించి లేచింది. హాలు ఊడవాలి. తలుపు వెనక చెయ్యి పెడితే చీపురు లేదు.

తిరిగి చూసేసరికి అది కొండవ్వ చేతిలో ఉంది. కర్ర గోడకు పెట్టి, నడుము వంచి, పరీక్షల పిల్లల బల్లల కింద ఊడవడం అప్పుడే మొదలుపెట్టింది. నర్సమ్మ బకెట్ పట్టుకుని నల్లా ఎక్కడని అడుగుతోంది. మిగిలినవాళ్ళు కుర్చీలు జరుపుతున్నారు.

"అక్కా, ఏం చేస్తున్నవే! ఇటియ్యి, నా పని గద!" అంది స్వరాజ్యం.

"నీ పనే. చదువుకుంట కూసున్న గంటల నీ పని ఆగిందా లేదా? ఆగిన పని విన్నోళ్ళు చేయాలె. కొత్తగ అడుగుతవేంది, కూసో" అంది కొండవ్వ ఊడుస్తూనే. తర్వాత బల్ల మీద చీపురు మొదలుతో కొట్టి, "ఏ పిల్లగా, కాళ్ళెత్తుడు గాదు, లేచి కుర్చి జరుపు. నువ్వు గూడ విన్నవు గద" అంది. ఆ అబ్బాయి లేచి జరిపాడు.

దీక్షిత పరుగెత్తి చెత్త ఎత్తే చాట తెచ్చి చీపురు ముందు పెట్టింది. అంతా ఒక్కసారి ప్రవీణ వైపు చూశారు. కొండవ్వ చీపురు కూడా ఆగింది. గడప దగ్గర ప్రవీణ చేతులు విప్పలేదు. బీడీలు చేసే ఆడవాళ్ళ నడుమ, వంగి కూర్చున్న తన బిడ్డ వైపు చూసింది.

"ఆ మూలకు గూడ ఉన్నది బిడ్డా, మంచిగ ఎత్తు" అంది.

స్వరాజ్యం ఏం చేయాలో తోచక, కిటికీ పక్క కుర్చీలో కూర్చుంది. ఎవరో పరీక్షల పిల్ల మెత్త వదిలి పోయిన కుర్చీ అది. ఇంత మెత్తగా ఉంటుందని ఆమెకు తెలియదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక ఒళ్ళో పెట్టుకుంది. చీపురు దగ్గరికి వచ్చింది. కొండవ్వ తల ఎత్తి, "ఊఁ, కాళ్ళెత్తు" అంది. స్వరాజ్యం నొప్పి మోకాళ్ళు రెండూ మెల్లగా పైకెత్తింది.